రీలు దొరికితే ముందు వాసన చూడండి

మొన్న ఆషాఢంలో పాలకొండ వైపు నుంచి ఒక కుర్రాడు బండి మీద మా షాపుకి వచ్చాడు. వెనక సీటుకి తాడుతో కట్టిన బియ్యం సంచి, అందులో ఏడు రేకు డబ్బాలు. పాతిల్లు పడగొడుతుంటే అటక మీద దొరికాయట. "బాబూ, ఇయ్యి మా తాత తీసిన సినిమాలంట. మీకాడ మెషీనుందంట కదా, ఒకపాలి ఆడించి సూద్దుం" అన్నాడు. నేను మెషీను జోలికి పోలేదు. ఒక డబ్బా మూత తీసి ముక్కు దగ్గర పెట్టుకున్నాను. పాపం, వాడు నా వైపు ఒక రకంగా చూశాడు.

విజయనగరం గంటస్తంభానికి కూతవేటు దూరంలో ఉంటుంది మా షాపు. పధ్నాలుగో ఏట ఒక హాలు కేబిన్లో రీళ్లు చుట్టే కుర్రాడిగా చేరాను. పదేళ్లు ప్రొజెక్టర్ దీపంలో కాలే కార్బన్ కడ్డీల పొగ పీల్చాక పెళ్లి వీడియోల్లోకి దిగాను. ఇప్పుడు పాత రీళ్లూ క్యాసెట్లూ కంప్యూటర్లోకి ఎక్కించే పని. ఇన్నేళ్లలో నేను చూసిన నష్టాల్లో సగం "ఒకసారి ఆడించి చూద్దాం" అన్న రోజే జరిగాయి. వాటిలో నేను చేసినవీ ఉన్నాయి. 1994లో ఒక రిటైర్డ్ మాష్టారు తన పెళ్లి రీలు తెచ్చిచ్చారు. ఎనిమిది మిల్లీమీటర్ల ఫిల్మ్. ఉత్సాహం ఆపుకోలేక ప్రొజెక్టర్‌కి ఎక్కించేశాను. ఫిల్మ్ ఎండి కుంచించుకుపోయింది. రంధ్రాలు పళ్ల చక్రానికి అందక, లాంపు ముందుండే గేటు దగ్గర ఆగిపోయింది. లాంపు వేడికి, గోడ మీద పెళ్లికూతురి బుగ్గ దగ్గర గోధుమరంగు బుడగ ఒకటి లేచింది. నేను స్విచ్ ఆపేలోపే అది ముఖమంతా తినేసింది. మాష్టారు ఏమీ అనలేదు. "పోన్లే నాయనా" అని మిగిలిన రీలు సంచిలో పెట్టుకుని వెళ్లిపోయారు. నాలుగు తిట్టి ఉంటే బాగుండేది.

అందుకే మీ ఇంట్లోనో, మూతపడిన హాల్లోనో, కాలేజీ స్టోర్ రూములోనో రీలు దొరికితే, ఆ మొదటి రోజు ఏం చేయాలో ముందు చెప్తాను.

ముక్కు, స్కేలు, భూతద్దం

మూత తీయగానే ముక్కుకి గుప్పున పుల్లటి వెనిగర్ వాసన కొడితే ఫిల్మ్ కుళ్లుతోందని అర్థం. ఫిల్మ్ పట్టీ అసిటేట్‌తో చేసింది. తేమా వేడీ కలిసి దాన్ని విడగొడతాయి, అసిటిక్ యాసిడ్ పుడుతుంది. ఆ యాసిడే కుళ్లుని ఇంకా తొందరపెడుతుంది. దీన్నే వెనిగర్ సిండ్రోమ్ అంటారు. ఒకసారి మొదలయ్యాక వెనక్కి తిప్పలేం, నెమ్మదింపజేయడం ఒక్కటే మన చేతిలో ఉంది. ఆ ఆవిరి పక్కనున్న మంచి రీళ్లకి కూడా చేటు చేస్తుంది కాబట్టి, వాసన వచ్చిన డబ్బాని ఆ నిమిషంలోనే వేరే గదికి మార్చండి. ముక్కు మీద నమ్మకం లేనివాళ్ల కోసం ఏ-డీ స్ట్రిప్స్ అని చిన్న కాగితం ముక్కలు దొరుకుతాయి. డబ్బాలో వేసి ఒకరోజు మూత పెడితే యాసిడ్ ఎంతుందో దాన్నిబట్టి నీలం నుంచి ఆకుపచ్చకి, అక్కణ్ణుంచి పసుపుకి తిరుగుతాయి. నా ముక్కు నలభై ఏళ్లుగా ఆ పనే చేస్తోంది, అయినా స్ట్రిప్సే నయం. ముక్కుకి జలుబు చేస్తుంది, వాటికి చేయదు.

తర్వాత స్కేలు. ఫిల్మ్ వెడల్పు కొలవండి. 35 మిల్లీమీటర్లయితే హాలు సినిమా. 16 అయితే పాత రోజుల్లో ఊళ్లోకి జీపేసుకొచ్చి తెల్లగుడ్డ మీద చూపించిన సర్కారు సినిమాలు, న్యూస్ రీళ్లు, కాలేజీ సినిమాల తరహా. 8 అయితే ఇంట్లో సరదాగా తీసుకున్నది. ఎనిమిదిలో మళ్లీ రెండు రకాలు. రీలు మధ్య కన్నం పెద్దగా ఉండి, ఫిల్మ్ అంచు రంధ్రాలు సన్నగా ఉంటే సూపర్ ఎయిట్. అది 1965లో వచ్చింది, కాబట్టి "మా ముత్తాత స్వాతంత్ర్యం రోజున తీశాడు" అని ఎవరన్నా చెప్తే నవ్వి ఊరుకోండి. 16లో రంధ్రాలు రెండు అంచులకీ ఉంటే అది మూగ ఫిల్మ్. ఒక్క అంచుకే ఉంటే రెండో అంచున సౌండు ట్రాక్ ఉండొచ్చు.

35 దొరికితే మాత్రం ఆటలాడకండి. 1950ల మొదట్లో దాకా హాలు ఫిల్మ్ నైట్రేట్ మీద వచ్చేది. అది అంటుకుంటే నీళ్లు పోసినా ఆరదు, మండుతూ మండుతూ తనకి కావాల్సిన ఆక్సిజన్ తనే పుట్టించుకుంటుంది. 2003లో పుణెలో నైట్రేట్ రీళ్లు దాచిన చోట మంటలు లేచి ఎన్నో పాత సినిమాలు బూడిదైపోయాయి. అంచున భూతద్దంతో చూడండి, ఇంగ్లీషులో "సేఫ్టీ" అని ఉంటే ఊపిరి పీల్చుకోవచ్చు. "నైట్రేట్" అని ఉన్నా, రీలు జిగటగా మారి తేనె రంగు పొడి రాలుతున్నా ఇంట్లో ఉంచకండి. దీపం, సిగరెట్, ఎండ దగ్గరికి రానివ్వకండి. పోస్టులో, రైల్లో, బస్సులో పంపకండి. పుణెలోని నేషనల్ ఫిల్మ్ ఆర్కైవ్‌కి ఫోన్ చేసి వాళ్లు చెప్పినట్టు చేయండి. 16, 8 మిల్లీమీటర్లది దాదాపు అంతా సేఫ్టీ ఫిల్మే, వాటితో ఈ టెన్షన్ లేదు.

భూతద్దం చేతిలో ఉండగానే ఇంకో పని చేయండి. అంచు మీద కంపెనీ పేరుంటుంది. ఓర్వో అని ఉంటే 1964 తర్వాతి ఫిల్మ్. కొడక్ అని ఉంటే ఆ పేరు పక్కనే చిన్న గుండ్రం, చతురస్రం, త్రికోణం లాంటి గుర్తులుంటాయి, ఏ గుర్తు ఏ సంవత్సరానిదో చెప్పే పట్టికలు నెట్‌లో దొరుకుతాయి. ఆ గుర్తులు ఇరవై ఏళ్లకోసారి మళ్లీ మొదటికొస్తాయి. అంచేత గుర్తు చూసి 1948 అనుకున్నది 1968 కూడా కావచ్చు. మిగతాది బొమ్మలో వెతుక్కోవాలి, దాని సంగతి తర్వాత.

చేతులు పెట్టేటప్పుడు

కాటన్ గ్లవ్స్ తొడుక్కోండి, ఫిల్మ్‌ని అంచులతోనే పట్టుకోండి. ఫిల్మ్ మెలితిరిగి, ఎండి పటపటమంటుంటే చుట్ట విప్పొద్దు. బాగానే ఉంటే చేతితో తిప్పే రీవైండర్ మీద నిదానంగా ఒక రీలు నుంచి ఇంకో రీలుకి చుట్టండి. చుట్టేటప్పుడు మెత్తటి పొడి మఖమల్ గుడ్డని రెండు వేళ్ల మధ్య మడిచి ఫిల్మ్‌ని అందులోంచి పోనివ్వండి. దుమ్ము దానంతటదే వస్తుంది. ఎక్కడ అతుకు ఊడిందో, ఎక్కడ రంధ్రాలు చిరిగాయో వేలికి తగులుతుంది, అక్కడ ఆపి చిన్న కాగితం ముక్క పెట్టి గుర్తు రాసుకోండి. స్పిరిట్, సెంటు, కళ్లద్దాలు తుడిచే మందు, ఇవేవీ పొయ్యకండి. మా కేబిన్లో ఆపరేటర్ గారు గీతలు పోవడానికి కొబ్బరినూనె రాసేవారు. పేరుకి గీతలు మాయమయ్యేవి, వారం తిరిగేసరికి ఊరి దుమ్మంతా ఆ రీలు మీదే ఉండేది.

మా వైపు తుఫాన్లు మామూలే కదా. 2014లో హుద్‌హుద్, 2018లో తిత్లీ వచ్చినప్పుడు తడిసిన రీళ్లూ క్యాసెట్లూ బస్తాలతో వచ్చాయి. అందరూ చేసిన తప్పు ఒకటే, డాబా మీద ఎండలో ఆరబెట్టడం. ఫిల్మ్ మీద బొమ్మ ఉండేది జెలటిన్ పొరలో. అది తడిసి ఆరితే చుట్టలు ఒకదానికొకటి అతుక్కుపోతాయి, విప్పితే బొమ్మ ఊడొస్తుంది. ఫిల్మ్ తడిస్తే తడిగానే ఉంచాలి. శుభ్రమైన చల్లటి నీళ్ల బకెట్లో ముంచి మూతపెట్టి, ఒకటి రెండు రోజుల్లో ఫిల్మ్ కడిగి ఆరబెట్టగలిగిన ల్యాబుకి చేర్చాలి. వీడియో క్యాసెట్ సంగతి దీనికి తిరగబడి ఉంటుంది. బురద నీళ్లు పోయేలా డిస్టిల్డ్ వాటర్‌తో కడిగి, నీడన ఫ్యాను గాలికి నెమ్మదిగా ఆరనివ్వాలి. హెయిర్ డ్రయర్ వద్దు.

కంప్యూటర్లోకి ఎక్కించడం

గోడ మీద ఆడించి సెల్‌ఫోన్‌తో తీసుకోవడం డిజిటైజేషన్ కాదు. ఫిల్మ్‌ని ఫ్రేము ఫ్రేముగా స్కాన్ చేసే మెషీన్లు ఉన్నాయి. వాటిలో పళ్ల చక్రం లేని రకం ఉంటుంది, కుంచించుకుపోయిన ఫిల్మ్‌ని కూడా ఓపిగ్గా లాగుతుంది. అలాంటి మెషీను నా దగ్గర లేదు, నేను బయటికే పంపుతాను. పంపేటప్పుడు కాగితం మీద రాసిచ్చేవి ఇవి: 16కి కనీసం 2కే స్కాన్ (అడ్డంగా సుమారు రెండు వేల చుక్కలు) కావాలి. ఫ్రేము అంచులు, రంధ్రాలు కనబడేలా కాస్త వెడల్పుగా తీయాలి. రంగులు దిద్దకుండా ఉన్నదున్నట్టు ఇవ్వాలి, గులాబీ రంగు తిరిగిపోయినా సరే. పాత కలర్ ఫిల్మ్‌లో నీలి డై ముందు వెలిసిపోతుంది, అందుకే అంతా గులాబీగా కనిపిస్తుంది. దాన్ని తర్వాత మనం దిద్దుకోవచ్చు. వేగం కూడా చెప్పాలి. ఇంట్లో తీసిన మూగ ఫిల్మ్ సెకనుకి 16 లేదా 18 ఫ్రేములు. దాన్ని 25తో తిప్పితే మీ తాతగారు బంతి భోజనాల్లో పరిగెత్తుతూ వడ్డిస్తారు.

ఇంకొకటి, నేను డబ్బు పోసి నేర్చుకున్నది. ఒక పెద్ద నగరంలోని ల్యాబుకి నాలుగు రీళ్లు పంపాను. పెన్‌డ్రైవ్‌లో చిన్న ఎంపీ4 ఫైళ్లు వచ్చాయి, రీళ్లు కొత్త ప్లాస్టిక్ డబ్బాల్లో వచ్చాయి. "పాతవి తుప్పు పట్టాయి సార్, పారేశాం" అన్నారు. ఆ తుప్పు డబ్బాల మూతల మీద ఎవరో పెన్సిలుతో రాసిన ఊరి పేర్లున్నాయి. నేను ఫొటో తీసుకోలేదు. ఆ నాలుగు రీళ్లలో ఏ ఊరి చెరువు ఏదో ఇప్పటికీ తేల్చలేకపోయాను. డబ్బా మార్చాల్సిందే, నిజం. కానీ ముందు మూతకి, లోపలి చీటీకి, అడుగున అంటుకున్న బిల్లు ముక్కకి కూడా ఫొటో తీయండి.

వీహెచ్ఎస్ క్యాసెట్ల గురించి ఎక్కువ చెప్పను. వీసీఆర్‌లో పెట్టే ముందు వీపు మీదున్న రికార్డు ట్యాబు విరిచేయండి, లేకపోతే పొరపాటున ఒక్క బటన్ నొక్కి అక్క పెళ్లి మీద సీరియల్ ఎక్కించినవాళ్లు ఉన్నారు. టేపు అంచున తెల్లటి బూజు కనబడితే పెట్టనే పెట్టొద్దు, వీసీఆర్ హెడ్డు పాడై తర్వాతి క్యాసెట్లన్నిటికీ ఆ బూజు పంచుతుంది. మినీడీవీ టేపుని (డిజిటల్ కెమెరాల చిన్న క్యాసెట్) ఫైర్‌వైర్ అనే కేబుల్‌తోనే తీయండి, టేపులో ఉన్న అంకెలు అలాగే వస్తాయి, గంటకి 13 జీబీ అవుతుంది. డిస్కులో చోటు లేదని కుదించకండి. మూడు కాపీలు, రెండు రకాల డిస్కుల్లో, ఒకటి వేరే ఊళ్లో ఉండాలి. నా మూడో కాపీ మా అల్లుడి ఇంట్లో ఉంది. అది దేనికో ఆయనకి ఇంకా సరిగా అర్థం కాలేదు.

అసలు రీలు పారేయకండి. స్కాన్ అయ్యింది కదా అని పారేస్తే, రేపు ఇంకా మంచి మెషీను వచ్చినప్పుడు చేతులు పిసుక్కోవాలి. అటక వద్దు, వేసవిలో రేకుల కింద కుంపటే. గోడ బీరువాలో కింది అరలో, ఫిల్మ్ డబ్బాలు పడుకోబెట్టి, క్యాసెట్లు నిలబెట్టి ఉంచండి. సముద్రం పక్క ఊళ్లలో సిలికా జెల్ పొట్లాలు నెలకోసారి మార్చండి. నాఫ్తలీన్ ఉండలు వేయొద్దు.

ఏ సంవత్సరమో ఎలా తెలుస్తుంది

ఇది నాకు ఇష్టమైన పని, కాబట్టి కొంచెం సాగదీస్తాను.

మనుషుల్ని తర్వాత చూడండి, ముందు గోడలు చూడండి. గోడ మీద కాంగ్రెస్ గుర్తు కాడెద్దులైతే 1971కి ముందు మాట. ఆవూ దూడా అయితే డెబ్బైలు. హస్తమైతే 1978 తర్వాత. సైకిలు పక్కన తెలుగుదేశం పేరుంటే 1982 తర్వాత. బోర్డు మీద "విజయనగరం జిల్లా" అని రాసి ఉంటే 1979 జూన్‌కి ముందు కాదు, ఆ జిల్లా పుట్టిందే అప్పుడు. "శ్రీకాకుళం జిల్లా" అయితే 1950 తర్వాత. బండి నంబరు ఏపీ 30 అనో ఏపీ 35 అనో ఉంటే 1989 తర్వాత. సినిమా పోస్టరు కనబడితే ఇక పండగే. కానీ మా వైపు సెకండ్ రన్, థర్డ్ రన్ ప్రింట్లు ఏడాది రెండేళ్ల తర్వాత కూడా ఆడేవి, అది లెక్కలో పెట్టుకోండి. విజయనగరం పైడితల్లమ్మ సిరిమాను సంబరం అయితే నెల వెతుక్కోనక్కర్లేదు, విజయదశమి తర్వాత వచ్చే మంగళవారం. సంవత్సరం తెలిస్తే తారీకు పంచాంగమే చెప్తుంది.

ఎన్ని గుర్తులు తెలిసినా ఊళ్లో పెద్దవాళ్ల ముందు దిగదుడుపే. పాలకొండ కుర్రాడి ఏడు రీళ్లలో మూడోది పెళ్లి. స్కాన్ తిరిగొచ్చాక నేను రెండుసార్లు చూసి సంతకం పెట్టేశాను. ల్యాప్‌టాప్ తీసుకుని వాళ్లింటికి వెళ్లి వాళ్ల మామ్మకి చూపించాను. ఎనభై దాటిన మనిషి. బంతి భోజనాలు వచ్చేసరికి ఒక్కసారి పకపకా నవ్వింది. "ఓలమ్మ, ఊరోళ్లందరూ ఎడం సేత్తో తింతన్నారేటి?" అంది. ఫిల్మ్ తిరగేసి స్కాన్ చేశారు. కుడి ఎడమైంది. ఆడవాళ్ల పైట కుడి భుజం మీద ఉండటం నేనూ చూశాను, కానీ మా వైపు పల్లెల్లో కుడి పైట వేసేవాళ్లు ఉండేవారు కదా, అదే అనుకుని ఊరుకున్నాను. విస్తరి ముందు చెయ్యి మాత్రం ఆవిడకే దొరికింది.

ఆ పూట ఆవిడ పదకొండు మంది పేర్లు చెప్పింది. ఫోన్‌లో రికార్డు ఆన్ చేసి ఉంచాను. ఎవరు ఎవరికి ఏమవుతారు, గొడుగు పట్టిందెవరు, ఏ ఇల్లు ఇప్పుడు సెల్ టవర్ కింద పోయింది. రీలు ఒక ఫైలు, ఆవిడ మాట ఒక ఫైలు, రెండూ ఒకే ఫోల్డర్‌లో పెట్టాను. మీరు కూడా స్కాన్ వచ్చాక చూపిద్దాంలే అని ఆగకండి. ఫ్రేములు నాలుగు ఫొటో తీసైనా సరే, ముందు పెద్దవాళ్ల దగ్గరికి వెళ్లండి.

ఇంట్లో లేనివి ఎక్కడ వెతకాలి

మన ప్రాంతపు పాత దృశ్యాలు కావాలంటే "శ్రీకాకుళం" అని కొడితే దొరకవు. తెల్లదొరల రాతల్లో అది చికాకోల్. విజయనగరం ఇంగ్లీషు స్పెల్లింగ్‌లో ఒక "ఏ" అక్షరం ఎగిరిపోయి విజియానగ్రం అవుతుంది. 1936 దాకా శ్రీకాకుళం వైపు గంజాం జిల్లాలో ఉండేది, ఆ తర్వాత విశాఖపట్నం జిల్లాలోకి వచ్చింది. అంచేత గంజాం, వైజాగపటాం, వాల్తేరు అని కూడా కొట్టాలి. విజియానగ్రం అని వెతికితే ఎక్కువగా 1936లో ఇంగ్లండ్ వెళ్లిన మన క్రికెట్ జట్టు కెప్టెన్, విజియానగ్రం మహారాజకుమార్ విజ్జీయే ఎదురొస్తాడు, విసుక్కోకండి.

స్వాతంత్ర్యం తర్వాతి న్యూస్ రీళ్లు 1948లో మొదలైన ఫిల్మ్స్ డివిజన్‌వి. 2022లో దాన్నీ, పుణె ఆర్కైవ్‌నీ ఎన్ఎఫ్‌డీసీలో (జాతీయ చలనచిత్రాభివృద్ధి సంస్థ) కలిపేశారు, ఉత్తరం అక్కడికే రాయాలి. అంతకుముందువాటికి బ్రిటిష్ పాథే అనే న్యూస్ రీళ్ల కంపెనీ, లండన్‌లోని ఇంపీరియల్ వార్ మ్యూజియమ్స్ ఉన్నాయి. కేంబ్రిడ్జ్ యూనివర్సిటీ దక్షిణాసియా కేంద్రం వాళ్లు ఇక్కడ ఉద్యోగాలు చేసిన ఇంగ్లీషు కుటుంబాల ఇంటి సినిమాలు ఆన్‌లైన్‌లో పెట్టారు. వాటిలో దొరల కంటే వెనకాల నిలబడ్డ మన బంట్రోతుల్ని చూడటానికే నేను కూర్చుంటాను. బొబ్బిలి, పాలకొండ, శ్రీకాకుళంలో పనిచేసిన కెనడా బాప్టిస్టు మిషనరీల కాగితాలు అక్కడి హామిల్టన్‌లోని ఆర్కైవ్‌లో ఉన్నాయి, ఫిల్ములేమైనా ఉన్నాయా అని రాసి అడగొచ్చు. ఉత్తరంలో ఊరు, సంవత్సరం, దేనికోసమో రాయండి. "పాత వీడియోలు ఉంటే పంపండి" అంటే ఎవరూ జవాబివ్వరు.

దొరికింది కదా అని వాడేయకూడదు. మన చట్టం ప్రకారం సినిమాకి విడుదలైన మరుసటి ఏడాది మొదటి నుంచి 60 ఏళ్లు హక్కులుంటాయి. 1965లో విడుదలైనదానికి హక్కులు 2025 ఆఖరు దాకానే. పెళ్లి వీడియో హక్కు, వేరే ఒప్పందం లేకపోతే, డబ్బిచ్చి తీయించుకున్నవాళ్లదే, తీసినవాడిది కాదు. నేను తీసినవాణ్ణే, అయినా ఇదే మాట చెప్తాను. యూట్యూబ్‌లో కనబడటం అనుమతి కాదు. కాపీ కావాలంటే లైసెన్సు అడిగి, ధర బేరమాడండి. స్థానిక చరిత్ర పనికంటే కొందరు తగ్గిస్తారు.

పాలకొండ రీళ్లలో ఆరు తిరిగొచ్చాయి. ఏడోది వాసన కొట్టినది, నా వెనక గదిలో కిటికీ పక్కన వేరే పెట్టెలో ఉంది. అంగుళానికోచోట మెలి పడి ఉంది, ఇప్పుడున్న స్థితిలో ఎవరూ స్కాన్ చేయలేమన్నారు, కుంచించుకుపోయిన ఫిల్మ్ చేసే ఇంకో చోటికి రాశాను, జవాబు రావాలి. మూత మీద పెన్సిలు రాత మాత్రం ఫొటో తీసి పెట్టాను: "శ్రీకూర్మం, డోలోత్సవం." కుర్రాడు వారానికోసారి ఫోన్ చేసి "వాసన ఎలాగుంది బాబూ?" అని అడుగుతున్నాడు.